మూపురం లేని ఎద్దు

"మూపురం లేకపోతే కాడి ఎక్కడ ఆనుతుందిరా?" అని అడిగారు మా మామయ్య గారు.

2024 డిసెంబరు 7, శనివారం సాయంత్రం. అట్లాంటాకి ఉత్తరాన కమింగ్‌లో మా ఇల్లు. హాల్లో సోఫా మీద తాతా మనవడూ కూర్చున్నారు. టీవీలో జార్జియా, టెక్సస్ యూనివర్సిటీల అమెరికన్ ఫుట్‌బాల్ మ్యాచ్ మొదలవబోతోంది. మా వాడి చేతిలో ఫోను, ఫోనులో బీవో ఫొటో. బీవో అంటే టెక్సస్ జట్టు తమ గుర్తుగా పెంచుకునే లాంగ్‌హార్న్ ఎద్దు. బారెడు కొమ్ములు, తెల్లమచ్చల గోధుమరంగు ఒళ్ళు, చదునైన వీపు. స్టేడియంలో చోటు చాలదని ఆ రోజు మ్యాచ్‌కి దాన్ని రానివ్వలేదు. అందుకని ఫొటో చూపిస్తున్నాడు.

మామయ్య గారిది అద్దంకి దగ్గర పల్లె. ఒంగోలు గిత్తల్ని కన్నబిడ్డల్లా సాకి, బండలాగుడు పందేలకి తోలిన మనిషి. ఏ ఎద్దుని చూసినా ముందు ఆయన కన్ను మూపురం మీదికే పోతుంది.

"ఇది కాడి మొయ్యదు తాతా. ఊరికే నుంచుంటాడు" అన్నాడు మావాడు.

"పని లేని ఎద్దుకి ఇంత మేపు ఎందుకురా?" అన్నారాయన. అడగాలనే అడిగారు, నిజంగా తెలుసుకోవాలని. మావాడు ఫోను పక్కన పెట్టి, ఆయన వైపు తిరిగి కూర్చుని చెప్పడం మొదలుపెట్టాడు. తెలుగులో.

ఆ మాట విని నేను వంటింట్లోంచి తొంగిచూశాను. వాడికి పదిహేనేళ్ళు. నాలుగేళ్ళు ప్రతి ఆదివారం తెలుగు బడికి పంపాను. గుణింతాలు వచ్చు, ఒత్తులు వచ్చు, పద్యాలు అప్పజెప్పగలడు. మాట్లాడమంటే మాత్రం "బాగున్నాను, తిన్నాను, సరే" దగ్గర ఆగిపోయేవాడు. అత్తయ్య గారు పోయాక మామయ్య గారు ఒంటరిగా ఉంటున్నారని ఆ సెప్టెంబరులో పట్టుబట్టి తీసుకొచ్చుకున్నాం. మూడు నెలలుగా ఒకే ఇంట్లో ఉంటున్నారు ఇద్దరూ. ఎదురుపడితే నవ్వుకునేవారు. అంతకు మించి మాట సాగేది కాదు. పొద్దున్నే ఆయన వాకిట్లో నిలబడి వీడు స్కూలు బస్సెక్కేదాకా చూసి లోపలికొచ్చేవారు. వీడు చెయ్యూపేవాడు. నాకది చూస్తే గొంతులో ఏదో అడ్డం పడేది.

మ్యాచ్ ఏమిటో నాకూ ఆ రోజే సరిగ్గా అర్థమైంది, వాడు తాతకి చెబుతుంటే విని. అమెరికాలో ఆగ్నేయ రాష్ట్రాల పెద్ద యూనివర్సిటీలు కొన్ని కలిసి ఒక కాన్ఫరెన్స్, అంటే తమలో తాము ఆడుకునే జట్ల కూటమి. పేరు ఎస్‌ఈసీ. ఆ ఏడే టెక్సస్, ఓక్లహోమా కూడా వచ్చి చేరడంతో పదహారు జట్లయ్యాయి. సీజనంతా ఆడాక పైన నిలిచిన రెండు జట్లకి డిసెంబరు మొదట్లో ఒక మ్యాచ్. 1992లో బర్మింగ్‌హామ్‌లో మొదలైంది, 1994 నుంచి అట్లాంటాలోనే జరుగుతోంది. మా ఇంటికి గంట దూరం కూడా ఉండదు ఆ స్టేడియం.

"అంటే జిల్లా పోటీలన్నమాట. ఇక్కడ గెలిస్తే రాష్ట్రానికి పోతారు" అన్నారు మామయ్య గారు.

"అవును! గెలిస్తే అక్కడ మొదటి రౌండ్ ఆడక్కర్లేదు" అన్నాడు వాడు. దేశం మొత్తం మీద జరిగే ప్లేఆఫ్ ఆ ఏడే పన్నెండు జట్లకి పెరిగింది.

"మన జట్టు ఏది?"

"ఎర్ర హెల్మెట్లు."

ఆయన 'మన' అని అడిగారు, వీడు తడుముకోకుండా జవాబిచ్చాడు. ఇన్నేళ్ళుగా నేను ఆ మాటని మా ఊరికీ మా పండగలకీ మాత్రమే వాడుతూ వచ్చాను. ఈ నేల మీద పుట్టిన పిల్లాడికి ఇదే ఊరని తెలుసు నాకు. తెలిసీ ఒక్కసారైనా 'మన జార్జియా' అనలేదు వాడితో.

ఆట వివరించడానికి వాడికి ఎక్కువసేపు పట్టలేదు. నాలుగు ఛాన్సుల్లో బంతిని పది యార్డులు ముందుకి తీసుకెళ్ళాలి, వెళ్తే మళ్ళీ నాలుగు ఛాన్సులు, లేకపోతే బంతి అవతలి వాళ్ళకి. "యార్డంటే గజమే కదరా, ఇళ్ళస్థలాలు కొలిచేది" అన్నారాయన. ఇక అక్కడి నుంచి యార్డులన్నీ గజాలైపోయాయి. మైదానం గీతలన్నీ ఆయనకి సాళ్ళలా కనిపించాయి. సైడ్‌లైన్ దగ్గర మనుషులు పట్టుకుని నిలబడే గొలుసు పది గజాల పొడవని, అనుమానం వస్తే దాన్ని మైదానంలోకి తెచ్చి బంతి దాకా లాగి చూస్తారని విన్నప్పుడు మాత్రం ఆయన సోఫాలో ముందుకి జరిగారు.

"మాకూ అంతేరా. ఇచ్చిన టైములో గిత్తలు బండని ఎంత దూరం లాగాయో టేపు పెట్టి కొలుస్తారు. అడుగులే కాదు, అంగుళాలు కూడా. ఒకసారి మా ఆరు పళ్ళ జత నాలుగు అంగుళాల తేడాలో రెండో బహుమతికి పోయింది. ఆ రాత్రి మీ నాయనమ్మ అన్నం పెడితే ముద్ద దిగలా నాకు."

"ఆరు పళ్ళు అంటే?"

ఇక మొదలైంది. దూడకి పాలపళ్ళు ఊడి జతలు జతలుగా కొత్తవి వస్తాయని, రెండు పళ్ళు, నాలుగు పళ్ళు, ఆరు పళ్ళు అని వాటిని బట్టే పోటీ విభాగాలని ఆయన చెబుతున్నారు. కాలేజీలో మొదటి ఏడు వాళ్ళని ఫ్రెష్‌మన్, రెండో ఏడు వాళ్ళని సోఫమోర్ అన్నట్టు అని వీడు కలుపుకుంటున్నాడు. మధ్యలో ఈ రెండు జట్లే ఆడిన 2019 షుగర్ బౌల్ అనే పెద్ద మ్యాచ్ వీడియో చూపించాడు. జార్జియా గుర్తయిన తెల్ల బుల్‌డాగ్ ఉగ్గాని తన ఎదుటికి తెచ్చేసరికి బీవో కంచె విరుచుకుని మీదికొచ్చేసింది. "ఎద్దునేమీ అనబాక. దాని ముందుకి కుక్కని తెచ్చినోళ్ళకి బుద్ధుండాలి" అన్నారాయన. పాత ఉగ్గాలన్నిటినీ ఏథెన్స్‌లోని స్టేడియంలోనే సమాధి చేశారని చెబితే, కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత నెమ్మదిగా, తమ పెద్ద గిత్తని కూడా చేలోనే పూడ్చామని, మీద పసుపూ కుంకుమా వేశామని చెప్పారు. ఆ సంగతి మా వారి నోట కూడా ఎప్పుడూ వినలేదు నేను.

సగం ఆట అయ్యేసరికి టెక్సస్ 6, జార్జియా 3. ఆ సగంలో చివరి ఛాన్సులోనే జార్జియా క్వార్టర్‌బ్యాక్, అంటే బంతి విసురుతూ జట్టుని నడిపించేవాడు, కార్సన్ బెక్ చేతికి దెబ్బ తగిలింది. రెండో సగంలో అతని చోట గన్నర్ స్టాక్‌టన్ అనే కుర్రాడు దిగాడు. "ఇతను మనం తల్లూలా జలపాతం చూడ్డానికి వెళ్ళామే, ఆ కొండల వైపువాడు" అని మా వాడు తాతకి చెప్పాడు. దిగిన మొదటి దఫాలోనే ఆ కుర్రాడు జట్టుని 75 గజాలు నడిపించి, అవతలి గీత దాటించి, ఆరు పాయింట్ల టచ్‌డౌన్ దాకా తెచ్చాడు.

శనివారం మామయ్య గారికి ఒంటిపొద్దు, రాత్రి టిఫినే. నేను దోసెలు పోస్తూ చెవి హాల్లోనే పెట్టాను. వాడి తెలుగు నిండా తప్పులు. బంతి "వెళ్ళాడు", జట్టు "గెలుస్తాడు". అలవాటు కొద్దీ రెండుసార్లు నోటిదాకా వచ్చింది, "వెళ్ళింది అనాలి నాన్నా" అని. గుమ్మం దాకా వెళ్ళి ఆగిపోయాను. ఇన్నేళ్ళుగా వాడు నోరు తెరిచిన ప్రతిసారీ నేను చేసిన పని అదే. మాట పూర్తి కాకముందే దిద్దాను. మామయ్య గారు ఒక్క తప్పూ దిద్దలేదు. ఆయనకి ఆ తర్వాత ఏమైందో కావాలి, అంతే. వాడి దగ్గర చెప్పడానికి ఉంది, ఈయనకి తెలుసుకోవాలని ఉంది. నేను ప్రతి ఆదివారం కారులో తీసుకెళ్ళి వెతికింది ఇదే.

మ్యాచ్ ఆఖర్లో, ఇంకో పద్ధెనిమిది సెకన్లుందనగా టెక్సస్ బంతిని గోల్ స్తంభాల మధ్యకి తన్ని, మూడు పాయింట్లతో 16-16 చేసింది. ఓవర్‌టైం. పొయ్యి ఆపేసి నేనూ వచ్చి కూర్చున్నాను. రెండు జట్లకీ చెరో అవకాశం, అవతలి గీతకి 25 గజాల దూరం నుంచి. ముందు టెక్సస్ మూడు పాయింట్లు తెచ్చుకుంది. తర్వాత జార్జియా. స్టాక్‌టన్ బంతి పట్టుకుని తనే పరిగెత్తాడు, అడ్డొచ్చినవాడు గుద్దిన గుద్దుకి హెల్మెట్ ఊడి ఎగిరిపోయింది. గీతకి ఇంకా నాలుగు గజాలు.

"తలకి తగిలిందా?" మామయ్య గారు లేచి నిలబడ్డారు.

మా వాడు టీవీ వైపు చూడలేదు. నా వైపు చూశాడు. ఎనిమిదో తరగతిలో స్కూలు జట్టులో చేరతానని ఫారం తెచ్చినప్పుడు నేను సంతకం పెట్టలేదు. తలకి దెబ్బలు తగిలే ఆట వద్దన్నాను. వాడు వాదించలేదు, ఆ కాగితం మడిచి సంచిలో పెట్టుకున్నాడు. ఆ తర్వాత చాలా రోజులు ఏమడిగినా "ఫైన్" అనే జవాబు.

"అమ్మ అందుకే వద్దంది తాతా" అన్నాడు.

గొంతులో నిష్ఠూరం లేదు. తాతకి ఆట నియమం చెప్పినంత మామూలుగా చెప్పాడు. నేను ఇప్పటికీ ఆ సంతకం పెట్టను. కానీ వాడు నా మాటని ఇన్నాళ్ళు తనలో పెట్టుకుని అర్థం చేసుకున్నాడని ఆ రాత్రి దాకా తెలియదు నాకు.

హెల్మెట్ ఊడితే ఒక్క ఛాన్సు బయట కూర్చోవాలి. అందుకని చెయ్యి పనిచేయని బెక్ మళ్ళీ మైదానంలోకి వచ్చాడు. విసరలేడు. బంతి అందుకుని, పక్కన ఉన్న ట్రెవర్ ఎటియెన్‌కి అందించాడు. ఎటియెన్ దూసుకుపోయి గీత దాటాడు. 22-19.

మా వాడు గంతులేస్తున్నాడు. మామయ్య గారు మాత్రం బెక్‌నే చూస్తున్నారు. "దెబ్బతిన్న ఎద్దు కూడా జతకాణ్ణి ఒంటరిగా వదలదురా" అన్నారు.

క్రిస్మస్‌కి ముందే ఆయన ఊరికి వెళ్ళిపోయారు. జనవరి 2న ప్లేఆఫ్‌లో భాగంగా జరిగిన షుగర్ బౌల్‌లో స్టాక్‌టన్ మొదటిసారి తొలి నుంచీ ఆడాడు. నోటర్‌డేమ్ యూనివర్సిటీ చేతిలో 23-10తో ఓడిపోయారు. ఆ రాత్రి ఫోను మోగితే తీశాను. "నువ్వు కాదమ్మాయ్, వాడికియ్యి" అన్నారు మామయ్య గారు. అరగంట మాట్లాడుకున్నారు. సంక్రాంతికి ఆయన పందేల వీడియో పంపితే, ఎన్ని అడుగుల ఎన్ని అంగుళాలో చెబితే గాని వీడు ఊరుకోలేదు.

2025 డిసెంబరు 6న మళ్ళీ అట్లాంటాలోనే ఎస్‌ఈసీ ఫైనల్, ఈసారి అలబామాతో. 28-7తో జార్జియా గెలిచింది, నడిపించింది స్టాక్‌టనే. మ్యాచ్ అయ్యేసరికి అక్కడ తెల్లారుతోంది. మా వాడు గదిలోంచి వీడియో కాల్ చేశాడు.

"ఆగరా, ఇప్పుడే గేదె పాలు పితికా. చెంబు లోపల పెట్టి వస్తా" అన్నారు తాత.

వాడు ఆగాడు. ఆయన వచ్చి మంచం మీద కూర్చున్నాక, "తాతా, మొదట బంతి ఇట్లా పైకి వెళ్ళాడు..." అని మొదలుపెట్టాడు. నేను చప్పుడు కాకుండా గది తలుపు దగ్గరగా వేసి వచ్చేశాను.