మూడు నెలల బట్టలు

1918 మే నెలలో రష్యాలోని పెట్రోగ్రాడ్ (ఇప్పటి సెయింట్ పీటర్స్‌బర్గ్) తల్లిదండ్రులు దాదాపు 800 మంది పిల్లలను రైలెక్కించారు. విప్లవం వచ్చి ఆరేడు నెలలైంది, నగరంలో తిండికి కటకటగా ఉంది. తూర్పున ఉరల్ పర్వతాల ప్రాంతంలో తిండికి లోటు లేదని విని, వేసవి మూడు నెలలూ పిల్లలను అక్కడ ఉంచి వెనక్కి తెచ్చుకుందామనుకున్నారు. అందుకే మూటల్లో సర్దినవి వేసవి బట్టలే. ఈ కథ చదివిన ప్రతిసారీ నేను ఇక్కడే ఆగిపోతాను. ఉన్ని కోటు చేతిలోకి తీసుకుని, మూడు నెలలకు ఈ బరువెందుకులే అని మళ్ళీ పెట్టెలో పెట్టేసిన తల్లి ఒక్కరైనా ఉండే ఉంటుంది.

అదే నెలలో సైబీరియా రైలుమార్గం పొడవునా చెకొస్లొవాక్ సైనిక దళం, విప్లవంతో అధికారంలోకి వచ్చిన బొల్షెవిక్కులపై తిరగబడింది. అంతర్యుద్ధం ముదిరి, పిల్లలు ఒక వైపున, వాళ్ళ ఇళ్ళు మరో వైపున పడ్డాయి. ఆ వేసవి బట్టలతోనే చలికాలం వచ్చేసింది. చివరికి అమెరికన్ రెడ్‌క్రాస్ వాళ్ళు చెదిరిపోయిన పిల్లలను వెతికి, ఒకచోట చేర్చి, యుద్ధం వెన్నంటి వస్తుంటే అంతకంతకూ తూర్పుకు తరలిస్తూ పసిఫిక్ తీరంలోని వ్లాదివొస్తోక్ దాకా తీసుకెళ్ళారు. కాపాడటానికి వేసిన ప్రతి అడుగూ వాళ్ళను ఇంటికి మరింత దూరం చేసింది.

పడమటి దారి మూసుకుపోవడంతో, 1920 జులైలో యోమెయ్ మారు అనే జపాను సరుకుల ఓడలో వాళ్ళను భూగోళం చుట్టూ తిప్పి పంపారు. శాన్‌ఫ్రాన్సిస్కో, పనామా కాలువ దాటి న్యూయార్క్ చేరేసరికి, ముందు ఫ్రాన్సుకు తీసుకెళ్తారన్న మాట వినిపించింది. మమ్మల్ని మా ఊరికే పంపండని పిల్లలు పట్టుబట్టారు. రెండేళ్ళుగా పెద్దవాళ్ళ నిర్ణయాల వెంట నడిచిన పిల్లలు మొదటిసారి తమ మాట నెగ్గించుకున్న ఆ ఘట్టం నాకు ఎంతో ఇష్టం.

ఓడ ఆ అక్టోబరులో ఫిన్లాండుకు చేరింది. అక్కడినుంచి పిల్లలను చిన్న చిన్న గుంపులుగా సరిహద్దు నది మీది వంతెన దాటించి రష్యాకు అప్పగించారు. చివరి గుంపు వెళ్ళేసరికి 1921 వచ్చింది. పదేళ్ళ వయసులో రైలెక్కిన పిల్లకు అప్పటికి పన్నెండు దాటి ఉంటాయి. పెట్టెలో ఆ కోటు ఇంకా భద్రంగా ఉన్నా, ఆమెకు పట్టి ఉండదు.