ఉడకడం వేరు, వేగడం వేరు

మా బావమరిది అమెరికా నుంచి ఎప్పుడు ఫోన్ చేసినా మాటలు తిరిగి తిరిగి తిండి దగ్గరికే వస్తాయి. పోయిన ఏడాది వర్షాల్లో ఒక ఆదివారం పొద్దున్నే వీడియో కాల్‌లో ఓ ప్లేటు చూపించాడు. నూడుల్స్, వాటి మధ్య వేలెడేసి మాంసం ముక్కలు, పచ్చగా, ఎర్రగా కూరగాయలు, అన్నీ నిగనిగలాడిపోతున్నాయి. "చైనీస్ హోటల్లో తెచ్చుకున్నా బావా, స్టేక్ నూడుల్స్. మన విజయనగరంలో దొరకవులే" అన్నాడు.

ఆ "దొరకవులే" దగ్గర నాకు పౌరుషం పొడుచుకొచ్చింది. "దొరక్కపోతే వండుకుంటాం. వచ్చే ఆదివారం నీకే చూపిస్తా" అనేశాను. మా ఆవిడ వంటింట్లోంచి తొంగి చూసి, "అనేశారా?" అంది. ఇంకేం అనలేదు.

నాకు వంట బొత్తిగా రాదని కాదు. ఉప్మా, పప్పుచారు, తప్పితే చేపల పులుసు కూడా పెడతాను. నూడుల్స్ మాత్రం ఆర్టీసీ కాంప్లెక్స్ వైపు వెళ్లినప్పుడు బండి దగ్గర నిలబడి తినడమే గానీ, అవి ఎలా తయారవుతాయో ఎప్పుడూ పట్టించుకోలేదు. సాస్‌లోనే ఉంటుంది కిటుకంతా అనుకున్నాను. అందుకని ముందు సాస్‌లే కొన్నాను. సోయా, రెడ్ చిల్లీ, గ్రీన్ చిల్లీ, వెనిగర్, నాలుగు సీసాలు.

బావమరిది తిన్న స్టేక్ ఆవు మాంసం. ఆవు కడుపు కిందివైపు నుంచి తీసే పలచటి ముక్క ఒకటి ఉంటుందట, అక్కడి హోటళ్లవాళ్లు ఎక్కువగా దాన్నే వాడతారట. మా ఇంట్లో పెద్దమాంసం వండరు. కాబట్టి మేక మాంసమే అని ముందే తేల్చేసుకున్నాం.

మొదటి ఆదివారం సంగతి క్లుప్తంగా చెప్తాను, సిగ్గు కనక. మాంసం కుక్కర్లో నాలుగు కూతలు పెట్టించాను. నూడుల్స్ అన్నం వార్చినట్టు వార్చి, అలా వేడివేడిగా చిల్లుల గిన్నెలోనే వదిలేశాను. కూరగాయలు కోసుకునేసరికి అవి ఒకదానికొకటి అతుక్కుని ముద్దయ్యాయి. ఐదుగురికి సరిపడా సరుకంతా ఒకేసారి నాన్‌స్టిక్ పాన్‌లో కుమ్మరించి, పైన సోయా సాస్ పోసి తిప్పాను. తిప్పుతుంటే నూడుల్స్ తెగాయి, క్యాబేజీ నీళ్లు వదిలింది, కుక్కర్లో ఉడికిన మాంసం పీచులు పీచులుగా విడిపోయింది.

మా అమ్మ ప్లేటు కేసి కాసేపు చూసింది. "ఏట్రా ఇది? సేమ్యా ఉప్మాకి మసి పూసి మారేడుకాయ సేసినావు" అంది.

ఆ మాట నిజానికి ఎంత సరిగ్గా ఉందో నాకు తరవాత తెలిసింది. రంగు తప్ప అందులో చైనీస్ ఏమీ లేదు.

ఆ రాత్రి బావమరిదికి ఫోన్ చేశాను. వాడు చదువుకునే రోజుల్లో ఒక చైనీస్ హోటల్ వంటింట్లో పార్ట్ టైం పని చేశాడు. కూరగాయలు తరిగే పనే గానీ, చూసింది బాగా గుర్తుంది. నవ్వడం అయ్యాక ముందు రెండు సంగతులు చెప్పాడు. మాంసం ముందుగా ఉడికించకూడదు. దాన్ని నారకి అడ్డంగా కొయ్యాలి.

నార అంటే ఏమిటో మాంసం కొట్టు దగ్గర చూశాను. మేక తొడ ముక్కని వెలుతురులో పెట్టి చూస్తే సన్నటి గీతలు ఒకే వైపుకి వెళ్తుంటాయి, చీపురు పుల్లలు కట్టగట్టినట్టు. ఆ గీతల వెంట కోస్తే ఒక్కో ముక్కలో పొడుగాటి నారలు ఉండిపోతాయి, ఎంత నమిలినా తెగవు. అడ్డంగా కోస్తే నారలన్నీ పొట్టివైపోతాయి, నమలాల్సిన పని సగం కత్తే చేసేస్తుంది. కొట్టు అతను "కూరకా బాబు, వేపుడుకా?" అన్నాడు. నూడుల్స్‌కి అనడానికి మొహమాటపడి, ఎముక లేకుండా తొడ ముక్క ముప్పావుకిలో ఇమ్మని, కోత ఇంటి దగ్గర పెట్టుకున్నాను. మెత్తటి మాంసం కత్తి కింద జారిపోతుంది, పలచగా రాదు. ఫ్రీజర్‌లో ఓ ముప్పావుగంట పెట్టి తీస్తే కాస్త బిగుసుకుని, వక్కపలుకంత మందంతో చక్కగా తెగింది.

తరవాత దాన్ని మెత్తబరచడం. స్టేక్‌కి వాడే ముక్క కన్నా మేక తొడ గట్టిది. ముక్కలకి కొంచెం వంట సోడా పట్టించి ఇరవై నిమిషాలు ఉంచితే, పైపైన మాంసంలోని ప్రొటీన్లు వేడికి గట్టిగా బిగుసుకోవు, లోపలి నీరు బయటికి పోదు. ఆ తరవాత కడిగి, నీరు పిండేసి, సోయా సాస్, కోడిగుడ్డు తెల్లసొన, కార్న్‌ఫ్లోర్, నూనె కలపాలి. ఆ కార్న్‌ఫ్లోర్ పొరే హోటల్ ముక్కకి ఉండే నునుపు. ఇదంతా కూడా బావమరిది చెప్పిందే. "కొంచెం సోడా" అన్నది మాత్రం నేను చెంచాడు అనుకున్నాను. రెండో ఆదివారం ముక్క వెన్నలా ఉంది, రుచి మాత్రం సబ్బు నాకినట్టుంది. పావుకిలోకి పావు చెంచా, అంతకి మించి వెయ్యకూడదు. కడగడం కూడా ఊరికే తడిపి వదిలెయ్యడం కాదు, రెండు నీళ్లు పోసి కడగాలి.

సబ్బు సంగతి అలా ఉంచితే, రెండోసారి కూడా నూడుల్స్ తడితడిగానే వచ్చాయి. గ్యాస్ పూర్తిగా పెంచాను, పెద్ద బర్నర్ మీదే పెట్టాను. అయినా పాన్‌లో చిటపటలు లేవు, బుడగలే. మా చిన్నది ఆరో తరగతి చదువుతోంది. "నాన్నా, ఇది నూడుల్స్ పులుసా?" అంది.

ఆ సాయంత్రమే బండి దగ్గరికి వెళ్లాను. ప్లేటు చెప్పి, అందరిలా ఫోన్ చూస్తూ నిలబడకుండా పొయ్యి పక్కకి జరిగి నిలబడ్డాను. అతన్ని అందరూ మాస్టర్ అనే పిలుస్తారు. పట్టుమని పాతికేళ్లుండవు. పొయ్యి వెలిగిస్తే ఆ చప్పుడుకి పక్కవాడి మాట వినపడదు. నల్లటి మూకుడులో నూనె, నూనె పొగ వచ్చాక వెల్లుల్లి, క్షణంలో క్యాబేజీ, క్యారెట్. గరిట వెనకవైపుతో ఒక్కటి కొట్టి, మూకుడు ఎగరేశాడు. కూరగాయలు మంట మీదుగా గాల్లోకి లేచి మళ్లీ వచ్చి పడ్డాయి. పక్కనున్న స్టీలు పళ్లెంలోంచి నూడుల్స్ గుప్పెట్లతో తీసి వేశాడు. అవి దేనికదే విడివిడిగా, పొడిగా ఉన్నాయి. సాస్‌ని నూడుల్స్ మీద పొయ్యలేదు. మూకుడు అంచు చుట్టూ పోశాడు. అది కాలిన ఇనుము మీద జారుతూ చుయ్‌మని పొగై, కిందికి చేరేసరికి సగం ఆవిరైపోయింది. ఆ వాసనే! నేను రెండు వారాలుగా సీసాల్లో వెతుకుతున్న వాసన అదే. చైనావాళ్లలో కాంటన్ వైపు దీన్ని 'వోక్ హే' అంటారు, మూకుడు ఊపిరి అని అర్థం.

నా వెనక కాలేజీ కుర్రాళ్లు నలుగురు నాలుగు ప్లేట్లు చెప్పారు. అతను రెండు ప్లేట్లు చేసి ఇచ్చి, మూకుడు తుడిచి, మళ్లీ రెండు ప్లేట్లు మొదలుపెట్టాడు. నాలుగూ పట్టేంత మూకుడే అది. అడిగాను.

"నాలుగు ఒక్కసారే ఏస్తే ఉడికిపోద్ది బాబు, ఏగదు" అన్నాడు. అని, "ఏటి బాబు, బండి పెడతారా ఏటి?" అని నవ్వాడు.

ఇంటికి నడిచొస్తుంటే అంతా తేటపడింది. మూకుడులో నీరున్నంతసేపూ వేడి వంద డిగ్రీల దగ్గరే ఆగిపోతుంది. మాంసం ఎర్రబడి, వేపుడు వాసన రావాలంటే 140 పైకి వెళ్లాలి. సరుకు ఎక్కువ వేస్తే అది వదిలే నీటిని ఆవిరి చెయ్యడానికే మంటంతా సరిపోతుంది. అతని పొయ్యి వెనక ఉన్నది 19 కిలోల కమర్షియల్ సిలిండర్, హై ప్రెషర్ రెగ్యులేటర్. మా ఇంట్లోది 14.2 కిలోల ఎర్ర సిలిండర్, బుద్ధిగా మండే పొయ్యి. అలాంటి భట్టీ పొయ్యి కొందామా అని అన్నాను కూడా. "కొనండి, ముందు ఇల్లు ఇన్సూరెన్స్ చేయించి కొనండి" అంది మా ఆవిడ. ఆమెదే నిజం. అవి ఆరుబయట వాడేవి, నాలుగు గోడల వంటింట్లో పెట్టకూడనివి. మంట పెంచలేను కాబట్టి సరుకు తగ్గించాలి. అతను రెండు ప్లేట్లు చేస్తే నేను ఒక్క ప్లేటు.

ఇక మూకుడు. నాన్‌స్టిక్ పాన్‌ని పొగలొచ్చేలా కాల్చకూడదు, పై పూత పాడవుతుంది. ఇంట్లో అమ్మ పాత ఇనప మూకుడు ఉంది, నున్నగా, నల్లగా, అద్దంలా. దాని మీద చెయ్యి వేశానో లేదో, "అరిసెలొండే మూకుడ్రా అది! దాన్ల నీసు పెడతావా?" అని అమ్మ ఎగిరిపడింది. గంటస్తంభం దగ్గర సామాన్ల కొట్టులో కొత్తది కొన్నాను, పన్నెండు అంగుళాలది. కొత్త ఇనుముకి తుప్పు పట్టకుండా ఏదో నూనె రాసి ఉంచుతారు. అది పోయేదాకా తోమి, అమ్మ చెప్పినట్టు గంజి కాచి పారబోసి, పొయ్యి మీద బాగా కాల్చి, పలచగా నూనె రాసి, మళ్లీ కాల్చి, మళ్లీ రాసి, అలా నాలుగుసార్లు. కాలిన నూనె పొరగా గట్టిపడి ఇనుముని అంటుకుంటుంది, అదే దాని నాన్‌స్టిక్. మూకుడు బూడిద రంగు నుంచి గోధుమ రంగుకి, అక్కడి నుంచి నలుపుకి తిరిగింది. మూకుడు నీసుకి ఇవ్వదు గానీ, దాన్ని కాల్చేటప్పుడు మాత్రం అమ్మ పక్కన కూర్చుని అజమాయిషీ చేసింది.

మూడో ఆదివారం పొద్దున్నే నూడుల్స్ ఉడికించేశాను. మరిగే నీళ్లలో ఉప్పు వేసి, ప్యాకెట్ మీద రాసిన టైం కన్నా ఒక నిమిషం ముందే దింపి, చన్నీళ్లు పోసి, వార్చి, చెంచాడు నూనె చేత్తో పట్టించి, పెద్ద పళ్లెంలో పరిచి ఫ్యాన్ కింద పెట్టాను. మా చిన్నది ప్యాకెట్ చదువుతూ "హక్కా అంటే ఏంటి నాన్నా?" అంది. అది చైనాలో ఒక జనం పేరు. వాళ్లలో కొంతమంది కలకత్తా వచ్చి, అక్కడ టాంగ్రా అనే పేటలో తోళ్ల పరిశ్రమ పెట్టుకున్నారు. మనం చైనీస్ అని తినేదానికి చాలావరకు పుట్టిల్లు ఆ కలకత్తాయే. "మన స్టేషన్ మీదుగా హౌరా వెళ్లే రైళ్లు చూస్తావే, అక్కడ" అంటే, అయితే ఇవి రైల్లో వచ్చాయా అంది. ఆ మాట కొంతవరకు నిజమే అనుకుంటాను.

క్యాబేజీ, క్యారెట్, క్యాప్సికం, బీన్స్ అగ్గిపుల్లల్లా కోసి, కడిగిన తడిని పొడి గుడ్డతో ఒత్తి తీశాను. ఒక్కో ప్లేటుకి చెంచా సోయా, అర చెంచా చిల్లీ సాస్, పావు చెంచా వెనిగర్, చిటికెడు పంచదార, మిరియాల పొడి చిన్న గిన్నెల్లో ముందే కలిపి వరసగా పెట్టుకున్నాను, అలా ఐదు గిన్నెలు. మొదలుపెట్టాక సీసా మూత తిప్పేంత తీరిక కూడా ఉండదు. అజినొమోటో వద్దని మా ఆవిడ. 1908లో ఒక జపాన్ ప్రొఫెసర్ సముద్రపు నాచు రసంలో దాని రుచిని కనిపెట్టాడు, టమాటాలో కూడా అది సహజంగా ఉంటుంది అని చెప్పబోయాను. "అయితే టమాటా వేసుకోండి" అంది.

కిటికీలు తీసి, మూకుడు ఖాళీగానే కాల్చాను. పొగ సన్నగా లేచాక నూనె, మాంసం. ఒక్క ప్లేటు మాంసం, అంటే పిడికెడు. ముక్కలు ఒకదాని మీద ఒకటి పడకుండా పరిచి, అరనిమిషం కదపకుండా వదిలేశాను. కదపకుండా ఉండడమే అన్నిటికన్నా కష్టం, చెయ్యి ఊరుకోదు. తిప్పేసరికి అంచులు ఎర్రగా వేగి ఉన్నాయి, బుడగలు లేవు, చిటపటలే! లోపలి పచ్చి పోయేదాకా రెండు నిమిషాలు తిప్పి, ముక్కలు పక్కకి తీసేశాను. మళ్లీ నూనె, వెల్లుల్లి, అల్లం, కూరగాయలు ఒక నిమిషం, నూడుల్స్, మాంసం, మూకుడు అంచు చుట్టూ సాస్. చుయ్. పైన ఉల్లికాడలు. ఎగరెయ్యడానికి నాకంత ధైర్యం లేదు, అట్లకాడతోనే తిప్పాను.

బండి వాసనంత గాఢంగా రాలేదు. కానీ వచ్చింది. పక్కింటావిడ గోడ మీదుగా "ఏం వండుతున్నారండీ, ఘాటొస్తోంది" అని తుమ్మింది.

మొదటి ప్లేటు మా చిన్నదానికి. రెండోది మా ఆవిడకి. ఒక్కో ప్లేటుకి ఐదారు నిమిషాలు, మధ్యలో మూకుడు తుడిచి మళ్లీ కాల్చడం. అందరూ కలిసి కూర్చుని తినడమనేది ఈ వంటలో కుదరదు. మూడోది మా పెద్దాడు తీసుకుని టీవీ ముందుకి పోయాడు. నాలుగోది అమ్మకి పెట్టాను. రెండు ముక్కలు నమిలి, "మాంసం మెత్తగానే ఉందిరా" అంది. ఇంకో రెండు ముద్దలు తిని, "దీంట్లోకి కూరేటి?" అని అడిగింది. కూర లేదన్నాను. లేచి వెళ్లి ఆవకాయ తెచ్చుకుంది.

నా ప్లేటు ఆఖరున. అప్పటికి చెమటతో చొక్కా తడిసిపోయింది, ఉల్లికాడలు అయిపోయాయి. నిలబడే తినేశాను. సగం అయ్యాక బావమరిదికి చూపిస్తానన్న మాట గుర్తొచ్చింది. వాళ్లకి అర్ధరాత్రి దాటిపోయింది, కాల్ చేస్తే బాగోదు. గబగబా తిరిగి చూస్తే అందరి ప్లేట్లూ ఖాళీ. మా చిన్నది ఏరి పక్కన పెట్టిన క్యాప్సికం ముక్కలు మాత్రం దాని ప్లేటు అంచున వరసగా ఉన్నాయి. వాటినే ఫోటో తీసి పంపాను.

పొద్దున లేచి వాడు జవాబిచ్చాడు. "నూడుల్స్ ఏవి బావా?"