వంతెన అవతల చెల్లని లైసెన్సు

మా ఇంటికి నాలుగిళ్ల అవతల ఉండే హవల్దారుగారు సైన్యం నుంచి రిటైరై వచ్చాక చాలాకాలం బ్యాంకు కాపలా ఉద్యోగం చేశారు. ఆ ఉద్యోగానికి సొంత తుపాకి ఉండాలన్నది షరతు కనుక అప్పట్లో కొన్న డబుల్ బ్యారెల్ ఇప్పటికీ వారింట్లోనే ఉంది. నేను అమెరికాలో అమ్మాయి ఇంట ఆరు నెలలు ఉండి తిరిగి వచ్చిన మూడో రోజున ఆయన మా అరుగు మీదికి వచ్చి కూర్చుని, నా ఆరోగ్యం సంగతి, ప్రయాణం సంగతి అడగకుండానే, "అమెరికాలో ఎవడైనా సరే చొక్కా కింద పిస్తోలు పెట్టుకుని బజారుకెళ్లిపోవచ్చంట కదండీ? మరి నా తుపాకికి ఇన్ని కాగితాలెందుకండీ?" అని అడిగారు. ఉద్యోగంలో ఉన్నప్పుడు కొన్నేళ్లపాటు మెజిస్టీరియల్ సెక్షన్‌లో ఆయుధ లైసెన్సుల ఫైళ్లు చూసినవాణ్ని కాబట్టి నా దగ్గర సమాధానం ఉంటుందని ఆయన నమ్మకం. సమాధానం ఉంది గాని, అది అరుగు మీద పూర్తయ్యేది కాదు. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

ముందు మన కాగితాల సంగతి. 1959 నాటి ఆయుధాల చట్టంలో 13వ సెక్షన్ చాలామంది చదవకుండానే మాట్లాడే సెక్షన్. అందులో తుపాకులను గొట్టం పొడవును బట్టి విడదీశారు. గొట్టం లోపల గాడులు లేకుండా నున్నగా ఉండి, కనీసం ఇరవై అంగుళాల పొడవున్న తుపాకిని రక్షణకో, క్రీడకో అడిగిన పౌరుడికి, అభ్యంతరాలేవీ లేకపోతే, లైసెన్సు ఇవ్వాలనే చట్టం చెబుతుంది. అంతకన్నా పొట్టిది, అంటే పిస్తోలో రివాల్వరో కావాలంటే మాత్రం అడిగే మనిషికి తగిన కారణం ఉందని అధికారికి నమ్మకం కుదరాలి. హవల్దారుగారి డబుల్ బ్యారెల్ మొదటి కోవలోది, ఆయన చొక్కా కింద పెట్టుకుందామంటున్న పిస్తోలు రెండో కోవలోది. దాచడానికి వీలుపడే ఆయుధానికి మన చట్టం వేరే కొలబద్ద పెట్టిందని ఆ ఇరవై అంగుళాల లెక్కలోనే తెలుస్తుంది.

నా బల్ల మీదికి వచ్చిన పిస్తోలు దరఖాస్తుల్లో నూటికి తొంభై 'ప్రాణహాని ఉన్నది' అనే ఒక్క వాక్యంతో మొదలయ్యేవి. ఆ హాని ఎవరి నుంచి, ఎందుకు అని పోలీసు విచారణలో అడిగితే చేపల చెరువు లీజు తగాదాలు, అన్నదమ్ముల గట్టు తగాదాలు బయటపడేవి. దరఖాస్తుతో పాటు ఆస్తి పత్రాల నకళ్లు దొంతరగా జతచేసేవారు, ఎకరాలెక్కువ ఉంటే లైసెన్సు వస్తుందనుకుని. నిజానికి తగినంత ఆస్తి లేదన్న ఒక్క కారణంతో లైసెన్సు నిరాకరించరాదని 14వ సెక్షన్ స్పష్టంగా చెబుతుంది. ఆ సెక్షన్ గురించి చెబితే దరఖాస్తుదారులు నన్ను అనుమానంగా చూసేవారు.

ఇక మా అమ్మాయివాళ్లు ఉండే టెక్సస్. మా అల్లుడుగారికి గ్రీన్‌కార్డు వచ్చిన తరువాత చేతి తుపాకి ఒకటి కొన్నారు. పడకగదిలో అంకెలు నొక్కితే తెరుచుకునే చిన్న ఇనుప పెట్టెలో దాన్ని ఉంచుతారు. నాకు చూపించిన రోజున ముందు తూటాల అర తీసి పక్కన పెట్టి, పై భాగాన్ని వెనక్కి లాగి, గొట్టంలో తూటా ఏదీ లేదని రెండుసార్లు చూసి, అప్పుడు పిల్లలను గదిలోంచి పంపించి నన్ను పిలిచారు. మా అమ్మాయి ఆ గది గుమ్మం దాటి లోపలికి రాలేదు, ఆ విషయం మీద వారిద్దరి మధ్య మాటలు నేను వెళ్లకముందే అయిపోయినట్టున్నాయి.

టెక్సస్ అంటే ఆది నుంచీ తుపాకుల రాజ్యమని నేను అనుకునేవాణ్ని. కాని అక్కడ చేతి తుపాకిని దుస్తుల చాటున పెట్టుకుని తిరగడానికి మామూలు పౌరుడికి లైసెన్సు ఇచ్చే చట్టం వచ్చింది 1995లోనే. 1991లో కిలీన్ పట్టణంలో ఒక భోజనశాలలో జరిగిన కాల్పుల్లో తల్లిదండ్రులను పోగొట్టుకున్న ఒక మహిళ, అప్పటి చట్టానికి భయపడి తన తుపాకిని కారులోనే వదిలి లోపలికి వెళ్లానని ఊరూరా చెప్పడం ఆ చట్టానికి పెద్ద ఊతమయింది. 2016 జనవరి నుంచి లైసెన్సున్నవారు దాన్ని ఒరలో బయటికి కనపడేలా కూడా పెట్టుకోవచ్చు. 2021 సెప్టెంబరు 1 నుంచి, ఇరవై ఒక్క ఏళ్లు నిండి, నేరచరిత్ర వంటి అడ్డంకులు లేనివారికి అసలు లైసెన్సే అక్కర్లేదు. హవల్దారుగారు విన్నది ఈ చివరి ముక్క ఒక్కటే.

లైసెన్సు అక్కర్లేని చోట మా అల్లుడుగారు లైసెన్సు ఎందుకు తీసుకున్నారన్నది నాకు మొదట అర్థం కాలేదు. నలభై డాలర్ల ఫీజు కట్టి, వేలిముద్రలు ఇచ్చి, తరగతిలో కూర్చుని, మూడు, ఏడు, పదిహేను గజాల దూరాల నుంచి మొత్తం యాభై తూటాలు కాల్చి, 250కి కనీసం 175 మార్కులు తెచ్చుకుని మరీ తీసుకున్నారు. అడిగితే, "మామయ్యగారూ, ఇది టెక్సస్ కోసం కాదండీ, బయట రాష్ట్రాల కోసం" అన్నారు. అదీగాక, బడి ఆవరణకు వెయ్యి అడుగుల లోపల తుపాకి పట్టుకు తిరగరాదన్న కేంద్ర చట్టం నుంచి, ఆ బడి ఉన్న రాష్ట్రం ఇచ్చిన లైసెన్సు ఉన్నవారికి మినహాయింపు ఉంది. పిల్లలను దింపడానికి రోజూ బడి ముందు వరకూ కారులో వెళ్లే మనిషికి అది చిన్న విషయం కాదు.

బయట రాష్ట్రాల సంగతి గోదావరివాళ్లకు చెప్పాలంటే యానాం చాలు. మా కోనసీమ నుంచి ఎదుర్లంక వంతెన మీదుగా గౌతమి దాటితే యానాం, అంటే పుదుచ్చేరి. యానాం ఎందుకు వెళతారో ఇక్కడ ఎవరికీ వివరించనక్కర్లేదు, సీసాల ధర వేరు, పన్ను వేరు. అదే వంతెన మీద హవల్దారుగారు తన తుపాకితో వెళితే ఏమవుతుంది? ఆయన లైసెన్సు పుస్తకంలో 'ఏ ప్రాంతం వరకు చెల్లును' అనే గడిలో ఆంధ్రప్రదేశ్ అని మాత్రమే ఉంది. వంతెన మధ్యలో నది పేరు మారదు గాని, ఆ పుస్తకం బలం మాత్రం అక్కడితో అయిపోతుంది. మన దగ్గర ఆ గడిలో దేశమంతటా చెల్లుతుందని రాయించుకునే దారి చట్టంలో ఉంది. అమెరికాలో మామూలు పౌరుడికి ఆ గడే లేదు. ఏ రాష్ట్రం కాగితాన్ని ఏ రాష్ట్రం గౌరవిస్తుందన్నది ఆయా రాష్ట్రాల ఇష్టం, ఆ ఇష్టం మారుతూ ఉంటుంది కూడా.

కారణం చెప్పాల్సింది ఎవరన్న విషయంలో అక్కడి రాష్ట్రాలు చాలాకాలం రెండు దారుల్లో నడిచాయి. న్యూయార్క్‌లో 1911 నాటి సల్లివాన్ చట్టం కాలం నుంచి చేతి తుపాకికి లైసెన్సు ఉండాలి. దాన్ని చాటుగా వెంట తీసుకెళ్లాలంటే అందరికీ ఉండే భయం చాలదు, తనకంటూ ప్రత్యేకమైన అవసరం ఉందని చూపించుకోవాల్సి ఉండేది. చదువుతుంటే నాకు మా సెక్షన్ బల్లే గుర్తొచ్చింది, 'తగిన కారణం' అన్న మన మాటకూ దానికీ పెద్ద తేడా లేదు. న్యూజెర్సీ, మేరీలాండ్, కాలిఫోర్నియా, మసాచుసెట్స్, హవాయి కూడా అదే బాటలో ఉండేవి. రెండో వైపు వెర్మాంట్ ఉంది. అక్కడ 1903లోనే రాష్ట్ర సుప్రీంకోర్టు ఒక ఊరి లైసెన్సు నిబంధనను కొట్టివేసింది, ఆనాటి నుంచి లైసెన్సు అన్న మాటే లేదు. అలాస్కా 2003లో, అరిజోనా 2010లో ఆ వరుసలో చేరాయి. 2024 నాటికి ఆ సంఖ్య ఇరవై తొమ్మిది రాష్ట్రాలకు చేరింది. ఇల్లినాయి కథ మరీ విచిత్రం. 2012 డిసెంబరులో కోర్టు తప్పుపట్టేదాకా అక్కడ మామూలు పౌరుడు తుపాకిని వెంట తీసుకుని తిరిగే దారే లేదు, చట్టం 2013లో వచ్చింది.

2022 జూన్ 23న అమెరికా సుప్రీంకోర్టు న్యూయార్క్ నిబంధనను ఆరుగురు న్యాయమూర్తులు ఒకవైపు, ముగ్గురు మరోవైపుగా కొట్టివేసింది. రాజ్యాంగం ఇచ్చిన హక్కును వాడుకోవడానికి పౌరుడు అధికారికి ప్రత్యేక అవసరం చూపించనక్కర్లేదన్నది ఆ తీర్పు సారం. న్యూయార్క్ ఊరుకోలేదు. కారణం అడగడం మానేసి, అదే ఏడాది సెప్టెంబరు 1 నుంచి పదహారు గంటల తరగతి, రెండు గంటల కాల్పుల శిక్షణ, నడవడికకు నలుగురి పూచీ అడగడం మొదలుపెట్టింది. టైమ్స్ స్క్వేర్, సబ్‌వే రైళ్లు వంటి చోట్లకు తుపాకి తేరాదని పొడవాటి జాబితా కూడా పెట్టింది. 'ఎందుకు' అన్న ప్రశ్న పోయి 'ఎక్కడ' అన్న ప్రశ్న వచ్చిందన్నమాట. ఫైళ్లు చూసినవాడిగా నాకు రెండోదే న్యాయంగా తోస్తుంది. ఎందుకన్న ప్రశ్నకు సమాధానం అధికారి మనసును బట్టి ఉంటుంది, ఎక్కడన్న ప్రశ్నకు సమాధానం గోడ మీద రాసిపెట్టవచ్చు.

టెక్సస్‌లో నిజంగానే గోడ మీద రాసిపెడతారు. లైసెన్సున్నవారు కూడా దాచిన తుపాకితో లోపలికి రాకూడదనుకునే యజమాని, శిక్షాస్మృతి 30.06 సెక్షన్ మాటలను ఇంగ్లీషులోనూ స్పానిష్‌లోనూ, అక్షరం ఎత్తు అంగుళానికి తగ్గకుండా బోర్డు రాయించాలి. తుపాకి బొమ్మ మీద గీత కొట్టిన కాగితం అంటిస్తే ఆ సెక్షన్‌కు సరిపోదు. ఒకరోజు రాత్రి భోజనానికి వెళ్లినచోట గుమ్మం పక్కన పెద్ద ఎర్రటి '51' అంకె కనిపించింది. యాభై ఒక్క శాతం తగ్గింపు కాబోలు అనుకుని మా అమ్మాయితో అన్నాను, పిల్లలు పగలబడి నవ్వారు. రాబడిలో యాభై ఒక్క శాతం, అంతకుమించి, అక్కడే తాగే మద్యం మీద వచ్చే దుకాణమని, తుపాకితో లోపలికి వెళ్లడం నేరమని దాని అర్థం.

ఇది చదివే తల్లిదండ్రుల్లో చాలామంది పిల్లలు అక్కడ చదువు వీసా మీదో, హెచ్-1బి మీదో ఉంటారు కనుక ఒక మాట నొక్కి చెప్పాలి. రాష్ట్ర చట్టం ఎంత వదులుగా ఉన్నా, తాత్కాలిక వీసాల మీద ఉన్నవారు తుపాకి గాని తూటా గాని కలిగి ఉండడం కేంద్ర చట్టం ప్రకారం నేరం. చెల్లుబాటులో ఉన్న వేట లైసెన్సు వంటి కొద్దిపాటి మినహాయింపులు ఉన్నాయి. లైసెన్సు అక్కర్లేని రాష్ట్రంలో ఉన్నాం కదా అని స్నేహితుడి తుపాకిని కారులో పెట్టుకు తిరిగితే వీసా పోతుంది, జైలూ ఉంటుంది. అల్లుడుగారు నన్ను కాల్పుల సాధన చేసే చోటికి తీసుకెళ్లారు. చెవులకు మూతలు పెట్టుకుని, అద్దం వెనుక నిలబడి చూశాను. "ఒక్కసారి పట్టుకోండి మామయ్యగారూ" అన్నారు గాని, సందర్శకుడి వీసా మీద వెళ్లినవాణ్ని, చేతులు వెనక్కి కట్టుకునే ఉన్నాను. కింద పడిన ఇత్తడి తొడుగు ఒకటి దొర్లుకుంటూ నా చెప్పు దగ్గరికి వచ్చింది. దాన్నీ తీయలేదు.

ఆ నెలలోనే న్యూజెర్సీలో మా బంధువుల పెళ్లి పడింది. కారులో వెళదామనుకున్నారు. టెక్సస్, ఆర్కాన్సా, టెనెసీ, వర్జీనియా, వెస్ట్ వర్జీనియా, మేరీలాండ్, పెన్సిల్వేనియా, న్యూజెర్సీ, మొత్తం ఎనిమిది రాష్ట్రాలు. అల్లుడుగారు, నేను భోజనాల బల్ల మీద పటం పరుచుకుని కూర్చున్నాం. 81వ నంబరు రహదారి మేరీలాండ్‌లో ఉండేది పన్నెండు మైళ్లే, అమలాపురంలో బస్సెక్కినవాడు రావులపాలెం చేరకముందే అయిపోయే దూరం. కాని మేరీలాండ్ ఏ ఇతర రాష్ట్రం లైసెన్సునూ గుర్తించదు. న్యూజెర్సీ అంతకన్నా కఠినం. 2013లో పెన్సిల్వేనియా లైసెన్సు ఉన్న ఒక మహిళ, ట్రాఫిక్ పోలీసు కారు ఆపినప్పుడు, తన దగ్గర తుపాకి ఉందని తానే చెప్పి అరెస్టయింది. సంవత్సరాల జైలుశిక్ష మెడ మీద వేలాడి, చివరకు 2015లో గవర్నరు క్రిస్ క్రిస్టీ క్షమాభిక్షతో బయటపడింది. నిజాయితీగా చెప్పినందుకు ఇలా కావడం నాకు మింగుడుపడలేదు. అయినా, వంతెన దాటాక పుస్తకం చెల్లదని తెలుసుకోవలసింది పుస్తకం పట్టుకున్నవాడే కదా.

1986 నాటి కేంద్ర చట్టం ప్రకారం, బయలుదేరిన చోటా చేరుకునే చోటా తుపాకి ఉంచుకుని వెంట తీసుకెళ్లే హక్కు ఉంటే, తూటాలు తీసి, అందకుండా డిక్కీలో పెట్టి మధ్య రాష్ట్రాలను దాటవచ్చు. చేరుకునే చోటే న్యూజెర్సీ అయినప్పుడు ఆ చట్టం మాకు ఎందుకూ పనికిరాలేదు. అల్లుడుగారు పటం మడిచి, తుపాకిని ఇనుప పెట్టెలోనే ఉంచి తాళం వేశారు. మా అమ్మాయి అప్పుడు పెళ్లి చీరలు సర్దడం మొదలుపెట్టింది.

ఇదంతా హవల్దారుగారికి రెండు సాయంత్రాలు పట్టి చెప్పాను. ఆయన మధ్యలో అడ్డుపడకుండా విని, చివర ఒకే ఒక్కటి అడిగారు.

"అయితే ఎలక్షన్లప్పుడు వాళ్లంతా ఏ స్టేషన్లో డిపాజిట్ చేస్తారండీ?"

ఇక్కడ ఎన్నికల ప్రకటన రాగానే ఆయన తుపాకికి కుట్టుమిషను నూనె పట్టించి, పాత దుప్పటిలో చుట్టి, స్కూటరు మీద స్టేషనుకు తీసుకెళ్లి అప్పగించి వస్తారు. ఫలితాలు వచ్చాక, రశీదు చూపించి తెచ్చుకుంటారు. ఎన్నోసార్లు చేసిన పని కాబట్టి లోకమంతా అంతేననుకున్నారు. టెక్సస్‌లో ఎవరూ ఎక్కడా అప్పగించరనీ, పోలింగు జరిగే చోటికి మాత్రం తేకూడదనీ చెప్పాను.

"అంతేనా అండీ?" అని, కండువా దులిపి భుజాన వేసుకుని, కిందటిసారి రశీదు ఎక్కడ పెట్టానో చూసుకోవాలంటూ లేచి వెళ్లిపోయారు.