ఎలాస్మోసారస్ మెడ మళ్ళీ పగిలింది

ఎలాస్మోసారస్ అంటే ఎప్పుడో అంతరించిపోయిన, పొడవాటి మెడ ఉన్న సముద్ర సరీసృపం. దాని బొమ్మ చేస్తున్నా. ఓటీజీ (చిన్న కరెంటు ఓవెన్) ఆపి చూసినప్పుడు మెడ మీద గీత కూడా లేదు. చల్లారనిద్దామని లోపలే వదిలేసి, భోంచేసి వచ్చేసరికి అడుగు వైపు వెంట్రుకవాసి పగులు. గోరుతో రాస్తే తగులుతోంది. తెల్లారేసరికి పక్కన మరో రెండు. అన్నీ అడ్డంగానే, నిలువుగా ఒక్కటీ లేదు. ఒళ్ళు మండిపోయింది.

కొలతలివి. స్కేలు 1:20. అసలు జంతువు సుమారు 10.3 మీటర్లు, అందులో మెడే 7.1. కాబట్టి బొమ్మ 51.5 సెం.మీ., మెడ 35.5. మా 28 లీటర్ల ఓటీజీలో మొత్తం పట్టదు గనక మెడను విడిగా, ఐమూలగా పెట్టి కాలుస్తున్నా. లోపల 2 మి.మీ. అల్యూమినియం తీగ రెండు పేటలు మెలేసి, పైన ఫాయిల్, ఆ పైన సూపర్ స్కల్పీ అనే, ఓవెన్‌లో కాలిస్తే గట్టిపడే క్లే. భుజం దగ్గర మందం 32 మి.మీ., తల వెనక 11. తల నుంచి కొలిస్తే పగుళ్ళు 9, 14, 21 సెం.మీ. దగ్గర.

మొదట ఫాయిల్ మీద అనుమానపడ్డా. అది మొదలయ్యేది సరిగ్గా 14 దగ్గరే. మరి 9 దగ్గర ఫాయిలే లేదు, 21 దగ్గర నిండా ఉంది. కాబట్టి అది కాదు. తర్వాత వేడి. నాబ్ 130 మీద పెట్టినా లోపలి థర్మామీటర్ 150 దాకా ఊగుతోంది. ఫాయిల్ గుడారం కప్పితే రంగు మాడలేదు, పగుళ్ళు మాత్రం వచ్చాయి.

ఇప్పుడు నమ్ముతున్నది కుంచించుకోవడం. 135 నుంచి 30 డిగ్రీలకు దిగేటప్పుడు 35.5 సెం.మీ. అల్యూమినియం దాదాపు 0.85 మి.మీ. తగ్గుతుంది. క్లే అంతకంటే ఎక్కువ తగ్గాలని చూస్తుంది, తీగ ఒప్పుకోదు. అందుకే అడ్డ పగుళ్ళు, అందుకే చల్లారాకే రావడం. మరి అడుగునే ఎందుకు? 14 దగ్గర బ్లేడుతో కోసి చూస్తే తీగ పైన 5 మి.మీ. క్లే ఉంది, కింద 2 కూడా లేదు. రెండు చివర్లే ఆనించాను కదా, వేడికి క్లే మెత్తబడి మధ్యలో కుంగి కింది భాగం సాగి ఉంటుందని కూడా అనుమానం. ఈసారి ట్రేలో బేకింగ్ సోడా పోసి, మెడ పొడవునా పరుపులా సర్ది కాలుస్తా.

మెడను వంచి ఓవెన్‌లో సర్దొచ్చు కదా అంటారు. పాత బొమ్మల్లో పాములా మెలికలు తిప్పారు గానీ, ఆ 72 మెడపూసల అమరికకు హంసలా పైకి లేచే వంపు రాదు. నేను తిన్నగానే చేస్తా. ఈ జంతువుకు పేరు పెట్టిన శిలాజ శాస్త్రవేత్త కోప్ అయితే ఈ మెడనే తోక అనుకుని తలను అవతలి చివర పెట్టాడు. 1870లో మరో శాస్త్రవేత్త లీడీ చెప్పేదాకా లోకం అదే నమ్మింది. అలా పెట్టినా నా ఓటీజీలో పట్టేది కాదు.

తెడ్ల లాంటి కాళ్ళు నాలుగూ కుదిరాయి. కాన్సస్‌లో దొరికిన అస్థిపంజరానికి అవి లేవు కాబట్టి ఆకారం దాని దగ్గరి చుట్టం స్టిక్సోసారస్ నుంచి తీసుకున్నా.

సోడా పరుపు కూడా పనిచేయకపోతే మెడ మొత్తం ఎంసీల్‌తోనే. కాల్చే పనే లేదు, ధరకు దాన్ని మించింది నాకు కనబడలేదు. కాకపోతే గబగబా బిగుసుకుంటుంది, చర్మం ముడతలు చెక్కాలంటే చిన్న చిన్న ముద్దలే కలుపుకోవాలి.

దీని తర్వాత కచ్ ఇక్తియోసార్ (చేప ఆకారపు సముద్ర సరీసృపం) చేద్దామని ఉంది. లోడాయ్ ఊరి దగ్గర బయటపడి, 2017లో గుంటుపల్లి ప్రసాద్ బృందం ప్రకటించినది. సుమారు 5.5 మీటర్లంటే ఇదే స్కేలులో 27.5 సెం.మీ., ఓటీజీలో తిన్నగా పడుకుంటుంది. పైగా మెడే కనిపించదు! పుర్రెలో కొంత, తోక ఎముకలు దొరకలేదు కాబట్టి అవి ఆఫ్తాల్మోసారస్ అనే మరో ఇక్తియోసార్‌ను చూసి చేయాలి. తోక రెక్క 3 మి.మీ. మందమే ఉంటుంది, దానికి తీగ బదులు ఇత్తడి రేకు కోసి పెడదామనుకుంటున్నా. 0.3 మి.మీ. రేకు దొరుకుతుందేమో ఆదివారం హార్డ్‌వేర్ షాపులో అడగాలి.