ముద్ర పడింది, నంబరు లేదు

నిద్ర పట్టట్లేదు, లేచి కూర్చుని టైప్ చేస్తున్నా. గుట్ట మీద చెట్లు కొట్టేయకుండా ఆపమని అర్జీ ఇవ్వడానికి ఈరోజు ప్రభుత్వ ఆఫీసుకి మూడోసారి వెళ్లాను. ఇన్‌వర్డ్ సెక్షన్‌లో, అంటే వచ్చిన కాగితాలు తీసుకుని నమోదు చేసే చోట, గుమాస్తా అర్జీ తీసుకుని పక్కన పెట్టేశారు. నా కాపీ మీద ముద్ర వేయమంటే "సార్ చూడాలి, సోమవారం రండి" అన్నారు. ముద్ర ఆయన మోచేతి పక్కనే ఉంది, ఇంకు ప్యాడ్ మూత కూడా తీసే ఉంది! కాగితం మీద ఒక్కసారి నొక్కడానికి సార్ చూడాల్సిందేముంది? గంటన్నర అక్కడే నిలబడ్డాను. చివరికి వేశారు. బయటికొచ్చి చూస్తే తేదీ అలుక్కుపోయింది, ఇన్‌వర్డ్ నంబరు రాయనే లేదు.

మొన్నటిదాకా నా కోపమంతా లాయరు గారి మీద. నేరుగా హైకోర్టుకి వెళ్దామంటే, "ముందు అటవీ అధికారి డీఎఫ్ఓకి, కలెక్టరుకి అర్జీ పెట్టండమ్మా, మీరు అడిగినా వాళ్లు చెయ్యలేదని కాగితం చూపిస్తేనే మాండమస్ నిలబడుతుంది" అన్నారు. మాండమస్ అంటే అధికారిని తన పని చెయ్యమని కోర్టు ఇచ్చే ఆదేశం. చెట్లు కొట్టేవాడు ఎవరినీ అడగడు, కాపాడేవాళ్లం మాత్రం అర్జీలు పట్టుకుని తిరగాలా అని ఇంట్లో అందరి మీదా అరిచాను.

నాన్న పింఛను బకాయిల కోసం తిరిగిన రోజులు గుర్తొస్తున్నాయి. ప్రతి ఉత్తరానికీ కార్బన్ కాపీ తీసి, పోస్టులో తిరిగొచ్చిన అక్నాలెడ్జ్‌మెంట్ కార్డుని దానికి గుండుసూదితో గుచ్చి దాచేవారు. ఆ సూదుల తుప్పు మరకలు ఇప్పటికీ ఆ కాగితాల మీద ఉన్నాయి. ఒకరోజు అధికారి "మీ దరఖాస్తు మాకు అందలేదు" అంటే, నాన్న ఏమీ మాట్లాడకుండా కార్డు తీసి బల్ల మీద పెట్టారు. నేను పక్కనే ఉన్నాను, తొమ్మిదో తరగతి. ఆయన మొహం రంగు మారడం చూశాను.

ఇది రాస్తుంటే లాయరు గారు చెప్పిందీ అదే కదా అనిపిస్తోంది. పైగా "అది అడవి కాదు, రెవెన్యూ భూమి" అని అధికారులు రాసిచ్చినా మాకు పనికొస్తుంది. ప్రభుత్వ రికార్డుల్లో అడవి అని ఉంటే, యజమాని ఎవరైనా సరే 1980 అటవీ సంరక్షణ చట్టం వర్తిస్తుందని 1996 డిసెంబరు 12న గోదావర్మన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ రికార్డు బయటికి రావాలంటే ముందు అడగాలి.

కానీ జవాబు కోసం కూర్చోకూడదు. పర్యావరణ కేసులు వినే గ్రీన్ ట్రిబ్యునల్‌కి వెళ్లాలంటే ఆరు నెలలే గడువు, సరైన కారణం చూపిస్తే ఇంకో అరవై రోజులు. మనం అర్జీ పెట్టాం కదా అని ఆ లెక్క ఆగదు. జేసీబీలు దిగితే మాత్రం అదే రోజు కోర్టుకే, ఎవరేమన్నా సరే. కంచ గచ్చిబౌలి 400 ఎకరాల విషయంలో 2025 ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు అన్ని పనులూ ఆపించింది, అప్పటికే ఎన్ని చెట్లు పోయాయో అందరం చూశాం.

రేపు పదింటికే వెళ్లి నంబరు రాయించుకుంటాను. రాయనంటే ఇదే అర్జీ పోస్టులో పంపి రసీదు దాచుకుంటా.