నీటి జాడ వెంట నల్లమలలో: ఉమామహేశ్వరం, సలేశ్వరం, శ్రీశైలం

హైదరాబాద్ నుంచి శ్రీశైలం వెళ్లేవారిలో ఎక్కువమంది తెల్లవారుజామున చాంద్రాయణగుట్ట దాటి, కడ్తాల్, ఆమన్‌గల్ మీదుగా డిండి దాకా వచ్చి టిఫిన్ చేసి, మధ్యాహ్నానికి దర్శనం క్యూలో నిలబడి, రాత్రి మన్ననూరు చెక్‌పోస్టు మూసేలోపు అడవి దాటాలన్న తొందరలో వెనుదిరుగుతారు. మల్లన్న దర్శనమైతే అవుతుంది గాని, ఆయన కొలువున్న కొండ మాత్రం కారు అద్దం అవతలే ఉండిపోతుంది. చైత్ర పౌర్ణమికి మేమూ ఆ దారే పట్టాము. అయితే శ్రీశైలానికి ఉత్తర ద్వారమని పేరున్న ఉమామహేశ్వరంలో ఆగి, సలేశ్వరం లోయలోకి దిగి, ఆ తరువాతే మల్లన్న దగ్గరికి చేరాలని ముందే నిశ్చయించుకున్నాము. వెంట వచ్చిన మా మేనమామగారు ఉద్యోగం చేసినన్నాళ్లూ బోర్లకు నీటి జాడలు వెతుకుతూ ఊరూరా తిరిగిన మనిషి. అందువల్ల ఈ యాత్రలో స్థలపురాణంతో పాటు రాళ్ల పురాణమూ వినవలసి వచ్చింది. నిజం చెప్పాలంటే రెండోదే నాకు ఎక్కువ పట్టుబడింది.

డిండి వరకు దారికి ఇరువైపులా కనిపించేది మన హైదరాబాద్ రాయే. బంజారాహిల్స్‌లో, గోల్కొండలో చూసే గుండ్రటి గ్రానైటు బండలే ఒకదాని మీద ఒకటి పేర్చినట్టు అక్కడక్కడా తలెత్తుతుంటాయి. అచ్చంపేట వైపు వెళుతుండగా దక్షిణాన ఒక పొడవైన గట్టు అడ్డంగా లేస్తుంది. దాని నెత్తి గుట్టల నెత్తిలా ఉండదు. చదునుగా, కోట గోడ పైభాగంలా సాగిపోతుంది. కృష్ణకు ఉత్తరాన ఉన్న నల్లమల భాగం, అంటే అమ్రాబాద్ పీఠభూమి, అక్కడే మొదలవుతుంది. ఆ గట్టు కొండచరియ కిందే, రంగాపూర్ దాటాక, ఉమామహేశ్వరం ఉంది.

గుడి ముందు నిలబడితే నెత్తిన ఆకాశం సగమే కనిపిస్తుంది. మిగతా సగాన్ని ముందుకు చొచ్చుకొచ్చిన కొండ కప్పేస్తుంది. పాపనాశనం దగ్గర రాతి సందులోంచి ఊరే సన్నటి ధార ఏప్రిల్ ఎండల్లోనూ ఆగలేదు. జనం చెంబులతో, ప్లాస్టిక్ సీసాలతో వంతు కోసం నిలబడి ఉంటే, మామయ్య తీర్థం తీసుకోకముందే కొండ గోడను చేత్తో తడిమి చూడసాగారు. "ఒరే, కింద మనం దాటి వచ్చింది గ్రానైటు. ఈ పైదంతా పొరలు పొరలుగా పేరుకున్న ఇసుక, గట్టిపడి క్వార్ట్‌జైట్ అయింది. రాయి గట్టిదే కాని ఒళ్లంతా పగుళ్లే. వాన నీళ్లు ఆ పగుళ్లలోంచి దిగి, ఇక కిందికి దారి లేని చోట పక్కకు తిరిగి ఇలా బయటపడతాయి," అన్నారు. భూగర్భ శాస్త్రవేత్తలు కడప శిలా సముదాయంలో చేర్చే ఈ పొరల వయసు వంద కోట్ల సంవత్సరాలకు పైమాటే. అడుగున ఉన్న గ్రానైటు అంతకంటే ఎంతో పాతది. పక్కన నిలబడ్డ ఒక పెద్దావిడ ఇదంతా ఓపికగా విని, "శివుడు ఇస్తుండు, మనం తాగుతున్నం, అంతే గద నాయనా," అని చెంబు నింపుకొని వెళ్లిపోయింది. మామయ్య కూడా కాదనలేదు.

మన్ననూరు దాటి ఘాట్ ఎక్కగానే గాలి మారుతుంది. ఇది పులుల అభయారణ్యం. 1983లో ప్రాజెక్ట్ టైగర్ కిందికి వచ్చిన నాగార్జునసాగర్–శ్రీశైలం అడవిలో తెలంగాణకు దక్కిన భాగమే, రాష్ట్ర విభజన తరువాత, 2,600 చదరపు కిలోమీటర్లకు పైబడిన అమ్రాబాద్ టైగర్ రిజర్వు అయింది. చైత్రంలో ఈ అడవిని పచ్చగా ఊహించుకుని వచ్చేవారికి ఆశాభంగం తప్పదు. ఇది ఆకు రాల్చే అడవి. నల్లమద్ది, ఏగి, తునికి, వెదురు అన్నీ ఎండి గలగలలాడుతుంటాయి. మధ్యమధ్య తపసి చెట్లు ఆకు ఒక్కటీ లేకుండా, తెల్లటి నున్నని బెరడుతో, ఎండలో మెరుస్తూ నిలబడి ఉంటాయి. చెంచులు గీసి తెచ్చే బంక ఆ చెట్టుదే. దగ్గరికి వెళ్లి చూస్తే బెరడు పలచటి కాగితంలా లేస్తోంది, పాత గాటు అంచున ఎండిన బంక కంకర పలుకులా గట్టిపడి ఉంది. నెహ్రూ జూపార్కులో పెంచిన మూషిక జింకలను ఈ అడవిలోనే వదిలారు. మాకు అవి కనబడలేదు, కనబడతాయని ఆశించనూ లేదు.

సలేశ్వరానికి ఏడాదిలో ఈ జాతర రోజుల్లోనే అనుమతి. ఫరహాబాద్ దగ్గర హైవే వదిలి మట్టిదారిలో చెంచుల పెంటల (గూడేల) మీదుగా చాలా దూరం లోపలికి పోయాక బండ్లు ఆగిపోతాయి. అక్కడి నుంచి కాలినడకే. "వస్తున్నాం లింగమయ్యా" అంటూ దిగేవారు, "పోయొస్తాం లింగమయ్యా" అంటూ ఎక్కేవారు ఒకరికొకరు దారి ఇచ్చుకుంటూ నడుస్తారు. పీఠభూమి అంచు నుంచి దిగే కొద్దీ రెండు కొండలు దగ్గరవుతాయి, ఎండ తగ్గుతుంది. చివరి భాగంలో దారి కొండ పక్కన చెక్కిన అరుగంత సన్నగా మిగులుతుంది. అక్కడ నిలబడ్డ చెంచు యువకుడు, "కొండ దిక్కు ఒరిగి నడువుండ్రి, కిందికి చూడకుండ్రి," అని ఒక్కొక్కరికీ చెబుతున్నాడు. ఒక మలుపులో పక్కకు వాలిన పలకరాయి మీద వరుసగా సన్నటి అలల ముద్రలు కనిపించాయి. నీటి కదలిక తడి ఇసుక మీద వేసిన గుర్తులు రాయిగా మారి అలాగే నిలిచిపోయాయి. వేలి కొసతో తడిమితే గట్లు తెలుస్తున్నాయి. ఎంత నీరు ఎంత కాలం పారి ఈ కొండను పేర్చిందో అనుకుంటుండగానే వెనకవాళ్లు తోశారు.

అడుగున గుండం, దాని మీదికి ఎత్తు నుంచి దూకే ధార, పక్కన గుహలో లింగమయ్య. పూజ చేసేది చెంచులే. చుట్టూ వాగులన్నీ ఇసుకతేలిన కాలంలో ఈ ధార పడుతూనే ఉందంటే, పీఠభూమి నిరుటి వానను తన పగుళ్లలో దాచుకుని మెల్లగా వదులుతున్నదన్నమాట. నీళ్లు ఎంత చల్లగా ఉన్నాయంటే, గుండంలో మునిగి లేచిన మామయ్య కాసేపు భూగర్భ శాస్త్రం ఊసే ఎత్తలేదు. ఇంత దూరం ఇంత కష్టపడి వచ్చినవారు గుండం పక్కనే షాంపూ ప్యాకెట్లు, వాటర్ ప్యాకెట్లు పడేయడం మాత్రం నాకు ఎంతకీ అర్థం కాని భక్తి.

మర్నాడు వటవర్లపల్లి, దోమలపెంట, ఈగలపెంట దాటి కృష్ణలోకి దిగాము. 'దిగాము' అనడమే సబబు, ఎందుకంటే నది ఇక్కడ పీఠభూమిని నిలువునా కోసుకుని ఎంతో లోతున పారుతుంది. ఆ ఇరుకే ఆనకట్టకు చోటు చూపించింది. 1963లో నెహ్రూ శంకుస్థాపన చేసిన శ్రీశైలం డ్యామ్ ఎత్తు 145 మీటర్లయితే పొడవు 512 మీటర్లే; రెండు కొండలు అంత దగ్గరగా నిలబడి ఉన్నాయి. వేసవి కావడంతో నీటిమట్టం 885 అడుగుల పూర్తి స్థాయికి చాలా కిందికి పడిపోయి, లోయ గోడల మీద పాత నీటి గుర్తు పొడవాటి తెల్లని పట్టీలా తేలింది. పాతాళగంగలో మునగడానికి మరికొన్ని మెట్లు దిగవలసి వచ్చింది. పై రెండు చోట్లా నీటిని కొండ ఇచ్చింది, ఇక్కడ మనిషి ఆపాడు. స్నానం చేసేవారికి ఆ తేడా పట్టదు, పట్టనక్కరలేదు కూడా.

మల్లికార్జునుడి, భ్రమరాంబ అమ్మవారి దర్శనాలు సాఫీగా జరిగాయి. క్యూ గురించి చెప్పుకోదగిందేమీ లేదు. ప్రాకారం చుట్టూ చెక్కిన ఏనుగులు, వేటగాళ్లు, చెంచుల అల్లుడిగా మల్లన్న కథలు చూడాలంటే మాత్రం తీరిక కావాలి. 1677లో తానీషాను కలవడానికి గోల్కొండ వచ్చిన శివాజీ ఆ తరువాత ఈ క్షేత్రానికి వచ్చాడు. ఘాట్ రోడ్డు లేని ఆ రోజుల్లో ఈ గట్లు ఎక్కి, ఆ లోయ దాటడం ఎలా ఉండేదో సలేశ్వరం నడిచినవారికి కొంత తెలుస్తుంది.

సాయంత్రం శిఖరేశ్వరం వెళ్లాము. అందరూ నంది కొమ్ముల మధ్య నుంచి మల్లన్న గుడి శిఖరాన్ని వెతుకుతుంటే మామయ్య దక్షిణానికి తిరిగి నిలబడ్డారు. అటు పెన్నా దాకా వరుసలు వరుసలుగా కొండలు సాగిపోతాయి. పడమటి అంచున మహానంది, ఇంకా కిందికి అహోబిలం. "ఇక్కడ పొరలు చాప పరిచినట్టు పడుకున్నాయిరా. అటు వెళ్తే ఇలాంటి పొరల రాళ్లే మడతలు పడి లేచి నిలబడతాయి. మహానందిలో కొండ మొదట్లో ఊట ఏడాది పొడుగునా ఒకే తీరున పొంగుతుంది. అక్కడ నీళ్లు ఏ దారిన వస్తాయో చూడాలి," అన్నారు.

"కార్తీకంలో వెళ్దామా మామయ్యా?" అని అడిగాను.

"కార్తీకంలో ఎక్కడైనా నీళ్లుంటాయి. వైశాఖంలో వెళ్దాం," అన్నారు.