జేన్ ఐర్ మీద నా థీసిస్, ప్రీ సబ్మిషన్ సెమినార్ అనుభవం

నిన్ననే నా పీహెచ్‌డీ ప్రీ సబ్మిషన్ సెమినార్ (థీసిస్ ఇచ్చే ముందు కమిటీ ఎదుట చెప్పుకునేది) అయింది, ఇంకా ఒళ్ళు మండుతూనే ఉంది, అందుకే చల్లారకముందే రాసేస్తున్నా. టాపిక్ షార్లెట్ బ్రాంటీ నవల జేన్ ఐర్ (1847), పోస్ట్‌కలోనియల్ రీడింగ్, అంటే వలస పాలన జాడలు వెతుకుతూ చదవడం. రిజిస్ట్రేషన్, కోర్స్‌వర్క్ మామూలుగానే గడిచాయి. ప్లేజియరిజం చెక్‌లో కొటేషన్లు కూడా కలిపి లెక్కేస్తే ఊరుకోకండి, యూజీసీ 2018 రూల్స్ ప్రింట్ తీసి చూపించండి, వేరే రాతలతో పోలిక 10 శాతం దాటకూడదన్న లెక్క ఆ కొటేషన్లు తీసేశాకే.

అసలు గొడవంతా సెమినార్‌లోనే. పోస్ట్‌కలోనియల్ విమర్శకురాలు గాయత్రి స్పివాక్ పేరు ఎత్తానో లేదో, బయటి నుంచి వచ్చిన ఎక్స్‌పర్ట్ సార్ చెయ్యి అడ్డం పెట్టి "ఏమ్మా, ఓ అనాథ పిల్ల కష్టపడి పైకొచ్చిన ప్రేమకథ అది, అందులోకి జమైకా, ఎంపైర్ ఎక్కణ్ణుంచి పట్టుకొచ్చావ్, మీకు థియరీ పిచ్చి పట్టింది" అన్నారు. అంతటితో ఆగారా, "ఇంటర్ దాకా తెలుగు మీడియమా నువ్వు?" అని అందరి ముందూ అడిగారు, వెనక మా జూనియర్లు కూర్చుని ఉన్నారు. నా చదువు ఏ మీడియమైతే థీసిస్‌కేంటి? మా గైడ్ మేడమ్ ఫైలు తిరగేస్తూ కూర్చున్నారు గానీ ఒక్క ముక్క మాట్లాడలేదు, ఆ సార్ మాటలకన్నా అదే ఎక్కువ బాధేసింది.

స్లైడ్లు ఆపేసి నవల తెరిచా. 26వ చాప్టర్, జేన్‌కీ, ఆమె పనిచేసే ఇంటి యజమాని రోచెస్టర్‌కీ పెళ్ళి చర్చిలోనే ఆగిపోయింది, రోచెస్టర్ మొదటి భార్య బెర్తా బతికే ఉందని బయటపడింది. ఆ గందరగోళంలోనే లాయర్ బ్రిగ్స్ జేన్‌తో ఒక మాటంటాడు, జేన్ వాళ్ళ నాన్న తోడబుట్టిన జాన్ ఐర్ ఫంచాల్‌లో ఉంటూ కొన్నేళ్ళుగా మేసన్ కంపెనీ వ్యవహారాలు చూస్తున్నాడని. ఫంచాల్ అంటే అట్లాంటిక్‌లోని పోర్చుగీసు దీవి మడెయిరా రేవు. మేసన్ అంటే బెర్తా సోదరుడే, జమైకా ప్లాంటర్ కుటుంబం, ఆ తోటల్లో చాకిరీ చేసింది బానిసలు. ఈ జాన్ ఐర్ పోయాక 33వ చాప్టర్‌లో జేన్‌కి వచ్చేది 20,000 పౌండ్లు. 27లో రోచెస్టరే చెప్తాడు, తండ్రి ఆస్తి మొత్తం అన్నకి రాసి తనని బెర్తా తెచ్చే 30,000 పౌండ్ల కట్నం కోసం జమైకా పంపి పెళ్ళి చేశారని. అంటే ఆ డబ్బూ ఈ డబ్బూ ఒకే వ్యాపారం చుట్టూ తిరిగాయి. "జమైకాని నేను తేలేదు సార్, బ్రాంటీయే పెట్టింది" అన్నా. హాల్లో ఎవరూ కిక్కురుమనలేదు, చాప్టర్ నంబర్లతో సహా నోటికి చెప్పా మరి, ఇంగ్లిష్ మీడియం వాళ్ళు ఎంతమంది చెప్తారో చూద్దాం.

థియరీ పని అదే, మామూలుగా దాటేసే వాక్యం దగ్గర కన్ను ఆపడం. 1979లో ఫెమినిస్ట్ విమర్శకులు గిల్బర్ట్, గూబర్ బెర్తాని జేన్ అణచుకున్న కోపంగా చూశారు, బాగుంది, కానీ అప్పుడు బెర్తా ఇంకొకరి నీడగానే మిగిలిపోతుంది. జేన్ మనిషిగా ఎదగడానికి బెర్తాని మనిషి కాకుండా చెయ్యాల్సి వచ్చిందని 1985లో స్పివాక్ చూపించింది. జేన్ కజిన్, పాస్టర్ సెయింట్ జాన్ అయితే జేన్‌ని పెళ్ళి చేసుకుని ఇండియాకి మిషనరీ పనికి తీసుకెళ్దామని హిందుస్తానీ కూడా నేర్పిస్తాడు! మనకి సంబంధం లేని పుస్తకమంటే ఎలా?

ఇక చివర్లో తమాషా, థియరీ పిచ్చి అన్న సారే "థియరీ చాప్టర్ పెంచాలి" అని రిమార్క్ రాశారు. నేను పెంచను. మీరు కూడా గైడ్ చెప్పారని అరవై పేజీలు ఫూకో, డెరిడా లాంటి థియరిస్టుల గురించి రాసి తర్వాత నవలకి రాకండి, నవల పేజీతో మొదలుపెట్టండి, గైడ్‌బుక్కులు ముట్టుకోకండి, ప్రాజెక్ట్ గూటెన్‌బర్గ్ సైట్‌లో ఫుల్ టెక్స్ట్ ఫ్రీగా ఉంది, మడెయిరా, జమైకా అని వెతికితే నిమిషంలో దొరుకుతాయి. ఇంకోటి, కమిటీ నోటితో చెప్పినవేవీ లెక్కలోకి రావు, రిమార్క్స్ మీద సంతకాలు పెట్టించుకుని ఆ రోజే జిరాక్స్ తీసుకోండి, తర్వాత మాట మార్చినా మీ దగ్గర కాగితం ఉంటుంది.